కొంగు కుచ్చులు కట్టబోయే అమ్మాయికి

చిట్టితల్లీ,

పెళ్ళి చీర కొంగుకు కుచ్చులు నువ్వే కడతానన్నావని మీ అమ్మ చెప్పింది. చాలా సంతోషం. కుచ్చు ఊడితే మళ్ళీ కట్టుకోవచ్చు గానీ కొంగు పీలికలైతే ఏం చేయలేం. అందుకని ముందు కొంగు సంగతి చూడు.

చేనేత చీరైతే కొంగు చివర నేయకుండా వదిలిన పడుగు పోగులు ఉంటాయి. వాటిని కత్తిరించవద్దని ఫాల్, పికో కుట్టేవాళ్ళకు చీర ఇచ్చేటప్పుడే చెప్పు. ఆ పోగులతో కట్టిన కుచ్చుకు సాటి లేదు. రంగు వెతుక్కునే పనే ఉండదు. అరంగుళానికో పాయ తీసుకుని ముడి వెయ్యి. బిగించే ముందు ముడి మధ్యలో సూది దూర్చి, ముడిని నేత అంచు దాకా జరిపి అప్పుడు లాగు. సూది లేకుండా లాగితే ముడి ఎక్కడ పడితే అక్కడ బిగుసుకుని వరస వంకరపోతుంది. పోగులు నాలుగంగుళాలున్నాయా, ప్రతి పాయనూ సగం చేసి పక్క పాయ సగంతో కలిపి, అరంగుళం కింద రెండో వరస వెయ్యి. వలలా వస్తుంది.

పోగులు ఇప్పటికే కత్తిరించేసి ఉంటే విడి దారంతో కట్టాలి. అప్పుడు కొంగు చివర పావంగుళం మడిచి కుట్టించు. ఒంటి పొరకు కుచ్చు వేలాడదీస్తే ఆ బరువుకు నేత జారిపోతుంది. ఉప్పాడ జాందానీ లాంటి పల్చటి చీరకు ఇది మరీ ముఖ్యం.

దారం లెక్క చెబుతాను. కొంగు వెడల్పు 46 అంగుళాలనుకో. రెండు కొసల్లో అరంగుళం చొప్పున వదిలి అంగుళానికొకటి పెడితే 46 కుచ్చులు. మూడంగుళాల వెడల్పు అట్టముక్క చుట్టూ దారం 20 చుట్లు చుట్టి, ఒక అంచున కత్తిరిస్తే ఆరంగుళాల పోగులు 20 వస్తాయి. ఒక కుచ్చుకు అవి చాలు. మొత్తం 140 మీటర్లు పడుతుంది, 160 కొను. రెండు రంగులైతే చెరో 80. అంతా ఒకేసారి తెచ్చుకో, తర్వాత తెచ్చిన రీలుకు రంగులో తేడా రావచ్చు. చీర వెంట తీసుకెళ్ళి పగటి వెలుతురులోనే సరిచూసుకో. చుట్టేటప్పుడు గట్టిగా లాగకు, అట్ట వంగి పోగులు పొట్టివవుతాయి.

సిల్క్ దారం పేరుతో దొరికేది చాలావరకు రేయాన్. తడిస్తే దాని బలం తగ్గుతుంది, ఎరుపు, మెరూన్ రంగులు దిగవచ్చు కూడా. తడి చేసిన తెల్లగుడ్డతో రుద్ది చూడు. రంగు అంటితే ఆ రీలు వద్దు.

ఇరవై పోగులనూ సూదికెక్కించి చీరలోంచి లాగేవాళ్ళున్నారు. నాకది నచ్చదు. అంత లావు కట్ట దూరితే పట్టులో రంధ్రం పడి, జరీ పోగు తెగుతుంది. సన్న సూదితో, మడత రెండు పొరలూ పట్టేలా మూడు నాలుగు చుట్లు తిప్పి, గుర్తు పెట్టిన ప్రతిచోటా చిన్న ఉంగరం కుట్టు. మడత కుట్టు పైనుంచే సూది దించు, అంచుకు మరీ దగ్గరైతే చిరుగుతుంది. పోగుల కట్టను ఆ ఉంగరంలో దూర్చి సమానంగా మడువు. ఉంగరానికి ఆనుకుని, మెడ దగ్గర జరీ దారం ఐదారు చుట్లు చుట్టి, సూదిని మెడలోంచి రెండుసార్లు దూర్చి లోపలి వైపు ముడి వెయ్యి. జిగురు చుక్క పెట్టకు. ఎండితే గట్టిపడుతుంది, పట్టు మీద పడితే మరక పోదు.

కొంగును బల్ల మీద పరచి పైన బరువైన పుస్తకం పెట్టుకో. ముందు కొంగు మధ్యలో గుర్తు పెట్టి, అక్కడినుంచి రెండు వైపులా అరంగుళం వదిలి, అంగుళానికో కుచ్చు గుర్తు పెట్టుకుంటూ పో. ఒక కొసనుంచి మొదలుపెడితే దూరంలో వచ్చే చిన్న తేడాలన్నీ పోగై చివరి కుచ్చుకు చోటు చాలదు.

పూసలు వేయాలనుంటే మూడు నాలుగు మిల్లీమీటర్లవే, కుచ్చుకు ఒకటి. మంగళగిరి నూలు చీరకు అవి కూడా వద్దు, వాటి బరువు కొంగును కిందికి లాగేస్తుంది.

అన్నీ కట్టాక ఆవిరి దూరంనుంచి పట్టి, దువ్వెనతో దువ్వి, రెండంగుళాల అట్ట ఆనించి పదునైన కత్తెరతో కొసలు సరిచెయ్యి. ఇస్త్రీపెట్టె నేరుగా తగలనివ్వకు, జరీ దారం ప్లాస్టిక్‌దైతే ముడుచుకుపోతుంది. చీర మడిచేటప్పుడు కుచ్చులను పాత నూలు గుడ్డలో చుట్టి లోపలి మడతలో పెట్టు.

ఆశీస్సులతో,
పెద్దమ్మ