రీరికార్డింగ్ మీద రాస్తున్న తమ్ముడికి

నెల్లూరు

తమ్ముడూ,

కనిగిరి నుంచి నువ్వు పంపిన వ్యాసం చదివాను. రీరికార్డింగ్ మీద, అంటే సీన్ల వెనక వినపడే సంగీతం (బీజీఎం) మీద రాయాలనుకోవడం బావుంది, ఎవరూ పెద్దగా పట్టించుకోరు. కానీ ‘గుండెల్ని పిండేసింది’, ‘బీజీఎం అదరగొట్టేశాడు’ తప్ప అందులో నాకేమీ వినపడలేదు. ఏ వాయిద్యం? ఎక్కడ ఎత్తుకున్నాడు, ఎక్కడ ఆపాడు? అది రాయకపోతే చదివేవాడు నీ మాట నమ్మాలే తప్ప తను వినలేడు.

ఒక పని చెయ్యి. నీకు ఏడుపొచ్చిన సీను ఫోన్లో సౌండ్ తీసేసి చూడు. తర్వాత ఫోన్ బోర్లించి విను. చాలాసార్లు హీరో మొహంలో ఏమీ ఉండదు! 1988లో మార్షల్, కోహెన్ అనే పరిశోధకులు రెండు త్రిభుజాలు, ఒక వృత్తం కదిలే చిన్న ఫిల్ముని వేర్వేరు సంగీతాలతో చూపించారు. కళ్లూ ముక్కూ లేని బొమ్మలు. అయినా సంగీతం మారేసరికి వాటి గుణం గురించి జనం అనుకున్నదీ మారింది.

సొరచేప సినిమా ‘జాస్’ (1975) మళ్లీ చూడు. జాన్ విలియమ్స్ బాణీకి పట్టు రెండే రెండు స్వరాలు. మెల్లగా మొదలై వేగం పెరిగేకొద్దీ, సొరచేప కనపడకుండానే మనకు టెన్షన్ పట్టుకుంటుంది. అసలు తెలివి ఇంకోచోట ఉంది. పిల్లలు అట్టముక్కతో చేసిన సొరచేప రెక్కతో జనాన్ని హడలగొట్టే సీన్లో ఆ బాణీ రాదు. బాణీ వస్తేనే సొరచేప వస్తుందని మనకు అలవాటు చేసి, ఆ తర్వాత ఏ సంగీతమూ లేకుండా దాని తల పైకి లేపుతారు. సీట్లోంచి ఎగిరిపడతాం. నిశ్శబ్దం గురించి నీ వ్యాసంలో ఒక్క వాక్యమూ లేదు, చూసుకో.

ఇదంతా హాలీవుడ్ విద్యే అనుకోకు. తోలుబొమ్మలాటలో యుద్ధం రాగానే ఆటగాళ్లు కాళ్లకింద చెక్కల్ని టకటకా తొక్కుతారు. తెరమీద ఊగేవి రెండు బొమ్మలే, పోట్లాటంతా ఆ చెక్కల్లో ఉంటుంది. మీ వైపు ఇంకా ఆడేవాళ్లుంటే వెళ్లి తెర వెనక కూర్చో.

రాగాల పేర్లు కచ్చితంగా తెలిస్తేనే రాయి. సంగీతం మాస్టార్లు వదిలిపెట్టరు, వదలకూడదు కూడా. ‘వయొలిన్లు ఒక్కసారి పైకి లేచాయి’ అన్నా చాలు.

ఈసారి సినిమా మొత్తం వద్దు. ఒక్క సీను, రెండు నిమిషాలది, తీసుకుని రాసి పంపు. దసరా సెలవుల్లో నెల్లూరు వస్తే ఆ సీను ఇద్దరం కలిసి చూద్దాం.

మీ అన్న