ఈ వాటా ఎవరిది?

ప్రశ్న: మంచులోనో దీవిలోనో చిక్కుకుపోయినప్పుడు ప్రాణస్నేహితులు కూడా తిండి దగ్గర ఎందుకు తగవులాడుకుంటారు? ఆపే మార్గం ఉందా?

జవాబు: ఆకలి కన్నా ముందు స్నేహాన్ని తినేసేది అనుమానం. ధ్యాసంతా తిండి మీదే ఉన్నవాడికి పక్కవాడి ముక్క పెద్దగానే కనిపిస్తుంది. 1902లో అంటార్కిటికాలో స్కాట్, విల్సన్, షాకిల్టన్ అనే అన్వేషకులు దీనికి మంచి ఉపాయం పాటించారు. ఒకరు మూడు వాటాలు వేస్తారు, మరొకరు అటు తిరిగి ఉంటారు. ఒక వాటా చూపి ‘ఇదెవరిది?’ అని అడిగితే, చూడని మనిషి పేరు చెబుతాడు. తన వంతు ఏదో ముందే తెలియదు కాబట్టి పంచేవాడు సమానంగానే కోస్తాడు.

నిల్వను రోజూ అందరి ఎదుటే లెక్కపెట్టండి. తాళం ఒక్కరి దగ్గరే ఉంటే ఎంత నిజాయితీపరుడికైనా నింద తప్పదు. జబ్బుపడ్డవారికి అదనంగా ఎంత ఇవ్వాలో ఆకలి ముదరకముందే ఒప్పుకోండి.