వినికిడి తగ్గిందని ఆయన మీకు చెప్పలేకపోతున్నారు

ప్రశ్న: మా ఆయనకు 59 ఏళ్లు. మద్రాసులో మూవియోలా (ఫిల్ము ఎడిటింగ్ యంత్రం) దగ్గర అసిస్టెంటుగా చేరి, తర్వాత హైదరాబాద్‌లో సీరియళ్లకు ఎడిటింగ్, సౌండ్ మిక్సింగ్ చేస్తున్నారు. 35 ఏళ్ల సర్వీసు. ఒకప్పుడు కుక్కర్ గ్యాస్కెట్ దగ్గర ఆవిరి లీకవుతుంటే హాల్లోంచే చెప్పేవారు. ఏడాదిగా టీవీ సౌండ్ పెంచుతున్నారు. పాలు తెమ్మంటే తాళాలా అంటారు, అడిగితే కోపం. చెవి చూపించుకోమంటే రెండ్రోజులు మాట్లాడలేదు. పని మానేయమని మా అబ్బాయి గొడవ.

జవాబు: అమ్మా, మీరు రాసిన ఆ గ్యాస్కెట్ మాట దగ్గర నేను ఆగిపోయాను. సెకనుకు 24 ఫ్రేముల్లో ఒక్క ఫ్రేము అటూ ఇటూ అయి మాటకు పెదవి కలవకపోతే పట్టేసే మనిషి ఆయన. ఇప్పుడు ఎదురుగా ఉన్న మీ మాటే పట్టలేకపోతున్నారు. ఈ సంగతి మీకంటే ముందే ఆయనకు తెలిసి ఉంటుంది. బయట తెలిస్తే పని ఎవరిస్తారన్న దిగులే కోపంగా బయటికొస్తోందని నాకు అనిపిస్తోంది.

ఏళ్ల తరబడి పెద్ద శబ్దాల మధ్య పనిచేసిన వాళ్లకు సాధారణంగా 4,000 హెర్ట్జ్ చుట్టుపక్కల, అంటే సన్నటి హెచ్చు శ్రుతి శబ్దాల దగ్గర, వినికిడి ముందు దెబ్బతింటుంది. అచ్చులు బాగానే వినిపిస్తాయి; స, త, ప లాంటి హల్లులు జారిపోతాయి. అంటే గొంతు వినిపిస్తుంది, మాట తెలియదు. వినిపించుకోరని మీరు, గొణుగుతావని ఆయన... ఇద్దరూ అబద్ధం చెప్పడం లేదు.

ఇక నుంచి వంటింట్లోంచి కేకేయకండి. టీవీ ఆపి, ముఖం కనబడేలా నిలబడి చెప్పండి. ‘చెవుడు’ అన్న మాట ఇంట్లో ఎవరి నోటా రానివ్వకండి, ముఖ్యంగా అబ్బాయి ఎదుట. పరీక్ష గురించి ఆయన భాషలోనే చెప్పండి. ఆడియోగ్రామ్ అంటే ఏ ఫ్రీక్వెన్సీలో వినికిడి ఎంత తగ్గిందో చూపే గ్రాఫ్. రోజూ ఈక్వలైజర్ (శబ్దంలో ఏ ఫ్రీక్వెన్సీ ఎంత ఉండాలో సరిచేసే సాధనం) ముందు కూర్చునే మనిషికి అది కొత్త కాదు. ఒక్కోసారి గులిమి అడ్డుపడినా ఇలాగే ఉంటుంది. ఒక చెవి ఉన్నట్టుండి వినిపించకపోతే మాత్రం ఆ రోజే ఈఎన్‌టీ డాక్టర్ దగ్గరికి తీసుకెళ్లండి, ఆలస్యం చేస్తే పోయిన వినికిడి తిరిగి రాకపోవచ్చు.

అబ్బాయి మాట ప్రేమతోనే అయినా, ఆయనకు ‘నువ్విక పనికిరావు’ అన్నట్టు తగులుతుంది. ఏ టేకు ఉంచాలో, షాటు ఎక్కడ కత్తిరించాలో చెప్పే అనుభవం ఎక్కడికీ పోలేదు. ఫైనల్ మిక్స్‌లో హైస్ (హెచ్చు శ్రుతి శబ్దాలు) సరిచూడటానికి కుర్ర అసిస్టెంటును పక్కన పెట్టుకోవచ్చు. మానాలో వద్దో ఆయన్నే తేల్చుకోనివ్వండి.

పరీక్షకు మీరూ వెంట వెళ్లండి. ఇంటికొచ్చాక, ఆ గ్రాఫ్‌లో ఏముందో మీకు వివరించమని ఆయన్నే అడగండి.