సచివాలయానికి రిపోర్టు పట్టుకెళ్ళే ముందు

అమ్మలూ,

నీకు పరిశోధన సంస్థలో ఉద్యోగం వచ్చిందని మీ నాన్న ఫోన్ చేసి చెప్పాడు. సంతోషం. "రిపోర్టులు రాస్తే గవర్నమెంటు నిజంగా వింటుందా పెదనాన్నా?" అని నువ్వు పెట్టిన మెసేజ్‌కి వాట్సాప్‌లో రెండు ముక్కల్లో జవాబివ్వడం నా వల్ల కాలేదు. అందుకే ఈ ఉత్తరం. నా సర్వీసంతా అలాంటి రిపోర్టులు వచ్చి పడే బల్ల దగ్గరే గడిచింది. అట్ట కూడా తెరవకుండా బీరువాలోకి పోయినవీ చూశాను, జీవోలో తేలినవీ చూశాను.

ప్రభుత్వం వినాలంటే రిపోర్టు బాగుండటం ఒక్కటే చాలదు. ఆ సమయానికి తేలని ఫైలు ఒకటి దాని ముందు ఉండాలి. ఆ ఫైలుకి కావలసిన సమాచారం ఇంకెవరి దగ్గరా లేనిది నీ దగ్గర ఉండాలి. ఈ రెండూ కలిసిన సందర్భం మన దగ్గరే జరిగింది. అదే ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో స్మార్ట్ కార్డుల కథ. మీ క్లాసులో చెప్పే ఉంటారు. కానీ క్లాసులో ఫలితాల పట్టిక దగ్గరే ఆపేస్తారు, అసలు కథ దాని తర్వాత ఉంది.

అప్పట్లో ఉపాధి హామీ కూలి చాలా ఊళ్ళలో పోస్టాఫీసు ద్వారా వచ్చేది. కరువు పనికి వెళ్ళినావిడ వారమంతా మట్టి తవ్వి, డబ్బు కోసం మళ్ళీ పోస్టాఫీసు చుట్టూ తిరగాలి. ఇవాళ క్యాష్ రాలేదు, రేపు రమ్మంటే ఇంకో రోజు కూలి పోయినట్టే. మస్టరులో తన పేరు మీద ఎన్ని రోజులు పడ్డాయో ఆవిడకి తెలియదు. దీనికి బదులు ఊళ్ళోనే ఒక మనిషిని పెట్టి, కూలీకి స్మార్ట్ కార్డు ఇచ్చి, మిషన్ మీద వేలిముద్ర తీసుకుని డబ్బు చేతికిచ్చే పద్ధతి తేవాలని ప్రభుత్వం అనుకుంది. ఎనిమిది జిల్లాల్లో మొదటి ప్రయత్నం ముందుకు సాగలేదు. 2010లో మళ్ళీ కదిలింది.

సరిగ్గా అప్పుడు కార్తీక్ మురళీధరన్, పాల్ నీహాస్, సందీప్ సుఖ్తంకర్ అనే ముగ్గురు ఆర్థికవేత్తలు ఒక మాట అడిగారు. ఎలాగూ అన్ని మండలాల్లో ఒకేసారి పెట్టలేరు కదా, ముందు ఎక్కడ, చివర ఎక్కడ అన్నది లాటరీ తీద్దామా అని. ప్రభుత్వం సరేనంది. ముందు విడతలో 112 మండలాలు, చివరి విడతలో 45 మండలాలు వచ్చాయి. ఆ రెంటినీ పోల్చారు. జనాభా చూస్తే దాదాపు కోటీ తొంభై లక్షలు. ఎమ్మెల్యే గట్టిగా అడిగిన మండలానికి ముందు, రోడ్డు లేని మండలానికి చివర అని వరస పెట్టి ఉంటే ఆ పోలిక ఎందుకూ పనికొచ్చేది కాదు. కాబట్టి పథకం అయిపోయాక "మదింపు చేస్తాం" అని రాకు. ఏ మండలం ముందు అనే లిస్టు తయారవుతున్నప్పుడే వెళ్ళు.

డబ్బు మధ్యలో ఎంత పోతోందో ఎలా కొలిచారో కూడా చూడు, నీకు రేపు పనికొస్తుంది. ప్రభుత్వ రికార్డుల్లో కూలి చెల్లించినట్టున్న జాబ్ కార్డుల నుంచి శాంపిల్ తీసుకున్నారు. ఆ ఇళ్ళకే వెళ్ళి, ఆ వారాల్లో ఎవరెవరు పనికి వెళ్ళారు, ఎంత చేతికొచ్చింది అని అడిగారు. రికార్డులో ఉన్నదానికీ ఇంట్లో చెప్పినదానికీ మధ్య తేడాయే కారిపోయిన సొమ్ము. ఇందులో గొప్ప గణితం ఏమీ లేదు, తలుపు తట్టే ఓపిక కావాలి. అలా తేలిందేమిటంటే, ప్రభుత్వం పెట్టే ఖర్చులో చెప్పుకోదగ్గ మార్పు లేదు, కూలీ ఇంటికి చేరే ఉపాధి ఆదాయం మాత్రం 24 శాతం పెరిగింది. మధ్యలో పోయేది 41 శాతం తగ్గింది. డబ్బు తీసుకోవడానికి ఒక్కోసారి పట్టే సమయం 22 నిమిషాలు తగ్గింది. ఆ కలిసొచ్చిన సమయానికి విలువ కడితేనే కార్డుల ఖర్చుకి సరిపోయింది. అప్పటికి ఆ మండలాల్లో చెల్లింపుల్లో సగమే కార్డు మీద జరుగుతున్నాయని గుర్తుపెట్టుకో.

ఇంత మంచి ఫలితం ఇస్తున్న పద్ధతిని 2013లో దాదాపు ఎత్తేయబోయారు. ఎందుకంటే కింది నుంచి వచ్చే కబురంతా వ్యతిరేకమే. మిషన్లు పనిచేయడం లేదు, జనం ఇబ్బంది పడుతున్నారు అని ఫీల్డు నుంచి ఒకటే పోరు. సమీక్షా సమావేశంలో కూర్చున్న అధికారికి వినపడేది అదే. పాత పద్ధతిలో మిగుల్చుకున్నవాళ్ళకి ఫోన్ నంబర్లు, పరిచయాలు ఉంటాయి. నాలుగు డబ్బులు ఎక్కువ వచ్చిన కూలీ మనిషి కలెక్టరేట్‌కి వచ్చి "బాగుందండీ" అని అర్జీ పెట్టదు. నా మటుకు నాకు అలాంటి అర్జీ ఒక్కటి కూడా వచ్చిన గుర్తు లేదు. అప్పుడు ఫైలుని నిలబెట్టింది సర్వేలో అడిగిన ఒక మామూలు ప్రశ్న. పాత పద్ధతి కావాలా, కార్డు కావాలా? లబ్ధిదారుల్లో తొంభై శాతానికి పైగా కార్డే కావాలన్నారు. ఎత్తేసే ఆలోచన ఆగిపోయింది.

అందుకే చెబుతున్నా, నీ ప్రశ్నల కాగితంలో ఈ ప్రశ్న తప్పకుండా పెట్టు. మీ ప్రొఫెసర్లకి ఇది మరీ చిన్నగా అనిపించవచ్చు.

2018లో తెలంగాణలో రైతుబంధు చెక్కులు పంచినప్పుడు, డబ్బు అందాల్సినవాళ్ళనే అడిగే ఈ పని ఇంకా చౌకగా జరిగింది. లాటరీలో వచ్చిన మండలాల వ్యవసాయాధికారులకి, మీ రైతులకి ఫోన్ చేసి చెక్కు అందిందో లేదో కనుక్కుంటాం అని ముందే చెప్పారు. చెప్పినందుకే అక్కడ డబ్బు అందని రైతుల సంఖ్య 7.8 శాతం తగ్గింది. అదనంగా అందిన ప్రతి వంద రూపాయలకీ అయిన ఖర్చు నాలుగు రూపాయల లోపే. ఆర్థిక శాఖవాళ్ళు మొహం తిప్పుకోకుండా వినే అంకె ఏదైనా ఉందంటే ఇలాంటిదే.

అయితే ఆంధ్రాలో వేలిముద్ర పనిచేసింది కదా అని అన్నిచోట్లా పనిచేస్తుందని రాసేయకు. జార్ఖండ్‌లో రేషన్ షాపుల్లో వేలిముద్ర తప్పనిసరి చేసినప్పుడు ఇంచుమించు ఇదే బృందం కొలిచింది. దానివల్ల దొంగతనం తగ్గలేదు. ముందుగా రేషన్ కార్డుకి ఆధార్ ముడిపెట్టుకోని కుటుంబాలకి అందే సరుకు మాత్రం పది శాతం తగ్గింది. మిషన్ ఒకటే, రూలు వేరు. ఇక్కడ కార్డు లేనివాళ్ళకి కూడా కూలి ఆపలేదు, అక్కడ వేలు పడకపోతే బియ్యం లేవు. పైగా ఇక్కడ డబ్బు ఊళ్ళోకి రావడమే కూలీకి పెద్ద సుఖం. నువ్వు రిపోర్టు రాసేటప్పుడు ఈ చిన్న రూలే అసలు విషయం అని పట్టుకోవాలి. అది సాధారణంగా జీవో అడుగున ఎక్కడో ఒక క్లాజులో ఉంటుంది.

నీ రిపోర్టు ఎవరికీ నచ్చని సందర్భాలూ వస్తాయి, దానికి టెన్షన్ పడకు. హైదరాబాద్‌లో 104 బస్తీలు తీసుకుని, సగం బస్తీల్లో ముందుగా మైక్రోఫైనాన్స్ అప్పులు ఇచ్చి చూసిన అధ్యయనం ఉంది. అభిజిత్ బెనర్జీ, ఎస్తేర్ డఫ్లో కూడా చేసినవాళ్ళలో ఉన్నారు. 2019లో నోబెల్ పొందిన ముగ్గురిలో ఇద్దరు. అప్పటికే ఉన్న వ్యాపారాలు కాస్త పెరిగాయి కానీ పిల్లల చదువులో, ఇంట్లో ఆడవాళ్ళ మాట చెల్లుబాటులో మార్పు కనిపించలేదని తేలింది. అప్పుతో పేదరికం పోతుందన్నవాళ్ళకీ, అప్పే ఉరితాడు అన్నవాళ్ళకీ అది పనికిరాలేదు. 2010 అక్టోబర్‌లో, అప్పు తీసుకున్నవాళ్ళ ఆత్మహత్యల వార్తల మధ్య, మైక్రోఫైనాన్స్ సంస్థలకి కళ్ళెం వేస్తూ మన రాష్ట్రంలో ఆర్డినెన్సు వచ్చింది. అంత వేడిలో సగటు ఫలితం ఎవరు చదువుతారు? ఆ దెబ్బకి దేశంలో మరికొన్ని చోట్ల కూడా అప్పులు ఆగిపోయి, పల్లెల్లో కూలి రేట్లు పడ్డాయని తర్వాతి పరిశోధనలో బయటపడింది. వచ్చేసారి ఇలాంటి ఆర్డినెన్సు రాసేవాడికి అది అక్కరకొస్తుంది, ఎవరైనా గుర్తుచేస్తే.

టీచర్లకి పిల్లల మార్కులను బట్టి బోనస్ ఇచ్చే ప్రయోగం కూడా మన దగ్గరే జరిగింది. రెండేళ్ళలో పిల్లల చదువు మెరుగైంది. అయినా అది విధానం కాలేదు. సర్వీసు రూల్సు మార్చాలి, సంఘాలని ఒప్పించాలి, ఆ పని నెత్తికెత్తుకునే మంత్రి దొరకాలి.

ఇక పద్ధతుల సంగతి. సెక్రటరీ గారికి రెండు పేజీల నోటు ఇవ్వు, తెలుగులో ఒక కాపీ, ఇంగ్లీషులో ఒక కాపీ. మొదటి పేజీలోనే ఏడాదికి ఎంత ఖర్చు అన్నది ఉండాలి. ఆ కాపీయే సెక్షన్ ఆఫీసర్‌కి కూడా ఇవ్వు, మర్యాదగా కూర్చుని వివరంగా చెప్పు. ఐఏఎస్ అధికారి ఆరు నెలల్లో బదిలీ అయిపోవచ్చు, నోట్ ఫైల్ మొదలుపెట్టేది ఆ సెక్షన్‌లోనే. పీపీటీలో యాభై స్లైడ్లు పెట్టుకుని వచ్చేవాళ్ళని చూస్తే నాకు ఇప్పటికీ ఆవలింత వస్తుంది.

సంక్రాంతికి వస్తావు కదా, నీ ప్రశ్నల కాగితాలు ఒక సెట్టు తెచ్చుకో. మన వీధిలో ఉపాధి పనికి వెళ్ళేవాళ్ళు కొందరున్నారు. భోగి మర్నాడు వద్దు, ఎవరూ దొరకరు. కనుమ అయ్యాక వాళ్ళ అరుగు మీద కూర్చుని అడుగు, ఎన్నో ప్రశ్నకి విసుక్కుంటారో చూసి మిగతావి కొట్టేద్దాం.

ఆశీస్సులతో,
పెదనాన్న