ముప్ఫై రెండేళ్లకు దొరికిన పాత్ర

ప్రశ్న: మా అబ్బాయికి ఇరవై నాలుగేళ్లు. డిగ్రీ అయ్యాక మూడేళ్లుగా హైదరాబాద్‌లో నాటకాలు వేస్తున్నాడు. అన్నీ చిన్న వేషాలే, డబ్బు రాదు. అడిగితే ‘రష్యా నటుడు స్మొక్తునోవ్‌స్కీకీ ఆలస్యంగానే పేరు వచ్చింది’ అంటాడు. ఇంకా ఎన్నాళ్లు ఆగాలి?
- ఒక తల్లి

జవాబు: అమ్మా, మీ అబ్బాయి మంచి పేరే చెప్పాడు. ఇన్నొకెంతీ స్మొక్తునోవ్‌స్కీ అంటే నాకూ ప్రాణం. అందుకే ఆయనకు పేరు రాకముందు గడిచిన పదేళ్ల సంగతి కాస్త వివరంగా చెబుతాను.

ఆయన 1925లో సైబీరియా పల్లెలో పుట్టాడు. యుద్ధంలో జర్మన్లకు బందీగా చిక్కి, తప్పించుకున్నాడు. అలా చిక్కినవాళ్లను స్టాలిన్ ప్రభుత్వం అనుమానంగానే చూసేది. 1946లో ఆయన ఎక్కడో ఆర్కిటిక్ వలయానికి పైనున్న నొరీల్స్క్‌కు వెళ్లి, అక్కడి నాటకశాలలో చేరాడు. అయిదేళ్ల తర్వాత ఆరోగ్యం చెడి, దక్షిణాన ఉన్న మఖచ్‌కలా పట్టణానికి, అక్కడినుంచి స్టాలిన్‌గ్రాడ్‌కు మారాడు. 1955లో మాస్కో వస్తే పెద్ద నాటకశాలలు చేర్చుకోలేదు. చేతిలో నటన పట్టా కూడా లేదు.

అయితే ఆ ఊళ్లలోని నాటకశాలలకు సొంత బృందాలు ఉండేవి, నటులకు నెల జీతం ఉండేది. ఒకే బృందం నాలుగైదు నాటకాలను మార్చి మార్చి ఆడేది. చిన్నదో పెద్దదో, ఆయన రోజూ వేషం కట్టాడు, దానితోనే బతికాడు. మీ అబ్బాయి ఈ సగం చెప్పలేదు.

1956లో ఒక యుద్ధచిత్రంలో ఆయన కళ్లు లెనిన్‌గ్రాడ్ దర్శకుడు తొవ్‌స్తొనోగవ్ మనసులో నిలిచిపోయాయి. దొస్తొయెవ్‌స్కీ ‘ఇడియట్’ నాటకంలో ప్రిన్స్ మిష్కిన్ అనే అమాయకపు మంచిమనిషి పాత్రకు పిలిచాడు. రిహార్సల్స్ సాగుతున్నా ఆ పాత్ర ఆయనకు పట్టుబడలేదు. ఒకరోజు లెన్‌ఫిల్మ్ స్టూడియోలో, అటూ ఇటూ పరుగెత్తే జనం మధ్య, ఒక మనిషి నిలబడి పుస్తకం చదువుకుంటూ కనిపించాడు. చుట్టూ అంత సందడి ఉన్నా తన లోకంలో తానున్నాడు. ఆ నిలబడిన తీరులో మిష్కిన్ దొరికాడు. 1957 ఆఖరున నాటకం తెరలేచింది. అప్పటికి ఆయనకు ముప్ఫై రెండేళ్లు. 1964లో హామ్లెట్ చిత్రం, మరుసటి ఏడాది లెనిన్ పురస్కారం వచ్చాయి.

మన దగ్గర అలాంటి జీతపు బృందాలు చాలా అరుదు. కాబట్టి అబ్బాయికి మరో రెండేళ్లు ఇవ్వండి, కానీ ఉత్తచేతులతో వదలకండి. సగంరోజు ఉద్యోగమైనా చూసుకోమనండి. ఢిల్లీలోని జాతీయ నాటక పాఠశాలకు దరఖాస్తు పెట్టమనండి. అది మూడేళ్ల కోర్సు, విద్యార్థులకు ఉపకారవేతనం ఉంటుంది. డిగ్రీతో పాటు నాటకానుభవం అడుగుతారు గనుక మీరు తేలిగ్గా తీసేస్తున్న ఆ చిన్న వేషాలే అక్కడ పనికొస్తాయి. ఏ నాటకం, ఏ పాత్ర, ఎన్ని ప్రదర్శనలు అన్నది ఈ వారమే రాయించి, కరపత్రాలు, ఫొటోలు జతచేయించండి.

మీరు అతని నాటకం చూశారో లేదో ఉత్తరంలో రాయలేదు. వచ్చే ప్రదర్శనకు తప్పకుండా వెళ్లండమ్మా.