ఓడజ్వరమా, నౌకాజ్వరమా?

సందేహం: 18వ శతాబ్దపు బ్రిటిష్ నౌకాదళ వైద్యుడు జేమ్స్ లిండ్ మీద ఒక వ్యాసాన్ని తెలుగు చేస్తున్నాను. ఆనాటి నావికుల ‘షిప్ ఫీవర్’ను ‘ఓడజ్వరం’ అన్నాను. అది దుష్టసమాసమని, ‘నౌకాజ్వరం’ అనాలని ఒక మిత్రుడు అంటున్నారు. ‘సన్నిపాత జ్వరం’ మేలని మరొకరి మాట. ‘నావికులు జ్వరం చేత దాడి చేయబడ్డారు’ అన్న నా వాక్యం సరైనదేనా?

సమాధానం: మీ ‘ఓడజ్వరం’ నిక్షేపమైన మాట, మార్చకండి. ఓడ తెలుగు, జ్వరం సంస్కృతం. రెండూ కలిస్తే మిశ్రసమాసం. వ్యాకరణం ఒప్పుకునేదే, దుష్టసమాసం కాదు. మనం రోజూ అనే చలిజ్వరమూ ఇలా ఏర్పడిందే కదా! ‘నౌకాజ్వరం’ కూడా తప్పేమీ కాదు. నౌకాదళంలో లాగా దీర్ఘం ఉంచి కలిపి రాస్తే చాలు. అయితే ఇది ఓడల్లో బతికినవాళ్లు పెట్టుకున్న పేరు. దానికి ఓడ అన్న మాటే అతుకుతుంది.

సన్నిపాతం దగ్గర మాత్రం జాగ్రత్త కావాలి. ఓడజ్వరమంటే ముఖ్యంగా ఇవాళ మనం టైఫస్ అనే జబ్బు. జైళ్లలో వస్తే దాన్నే జైలు జ్వరం అన్నారు. టైఫస్ అన్న పేరుకు మూలం గ్రీకులో పొగ, మసక అన్న అర్థాల మాట. రోగికి తెలివి మసకబారి సంధి ప్రేలాపన మొదలవుతుంది కనుక ఆ పేరు. సన్నిపాతం అనాలని మీ మిత్రుడికి తోచింది ఈ పోలిక వల్లనే కావచ్చు. కాని ఆయుర్వేదంలో వాత పిత్త కఫాలు మూడూ ఒక్కసారి ప్రకోపిస్తే అది సన్నిపాతం. పైగా ఈ మాటను తెలుగులో చాలామంది టైఫాయిడ్‌కు వాడుతున్నారు. టైఫాయిడ్ కలుషితమైన తిండి వల్ల, నీళ్ల వల్ల వచ్చే వేరే జబ్బు. ఆ రెంటికీ ఉన్న తేడాను 1837లో ఫిలడెల్ఫియాలో వైద్యుడు విలియం గెర్హార్డ్ స్పష్టంగా చూపాడు. లిండ్ కాలానికి ఆ విభజన లేదు. అందుకే వ్యాసంలో ఓడజ్వరం అనే ఉంచి, ఒక్కచోట ‘నేటి టైఫస్’ అని చెప్పండి. పత్రికల ‘విషజ్వరాలు’ ఇక్కడికి తేవద్దు. ఏ జ్వరమో తేలనప్పుడు వాడే మాట అది.

లిండ్ అనగానే స్కర్వీ (విటమిన్ సి లోపం వల్ల చిగుళ్లు వాచి రక్తం కారే జబ్బు), దానికి ఆయన మందుగా ఇచ్చి చూసిన నిమ్మకాయలు, నారింజలు గుర్తుకొస్తాయి. 1758 నుంచి హాస్లర్ నౌకాదళ ఆసుపత్రిలో ఉండి జ్వరాల మీద ఆయన చేసిన పని కూడా చిన్నది కాదు. నౌకాదళంలోకి బలవంతంగా పట్టుకొచ్చినవాళ్లలో జైళ్ల నుంచి వచ్చినవాళ్లూ ఉండేవారు. జ్వరం వాళ్ల మురికి బట్టలతోనే ఓడెక్కుతోందని ఆయన గ్రహించాడు. ఆ బట్టలు విప్పించి, ఒళ్లు కడిగించి, శుభ్రమైనవి తొడిగించాకే ఓడలోకి పంపమన్నాడు. రోగుల బట్టలను పొయ్యి వేడిలో పెట్టమన్నాడు. బట్టల్లో ఉన్నదేమిటో మాత్రం ఆయనకు తెలియదు. అది పేను అని 1909లో ట్యునిస్‌లో ఫ్రెంచ్ వైద్యుడు షార్ల్ నికోల్ తేల్చాడు.

ఆ పేనును ‘శరీర పేను’ అని అనువదించకండి. దానికి మనకు ‘చీరపేను’ అన్న చక్కని మాట ఉంది. ఇక్కడ చీర అంటే ఆడవాళ్లు కట్టుకునేదే కాదు, ఏ బట్టయినా చీరే. బట్టల మడతల్లో, కుట్లలో కాపురముండి, ఆకలేసినప్పుడు ఒంటి మీదికి వచ్చే పేను అది. కుట్టినచోట మనిషి గోక్కుంటే దాని మలంలోని క్రిములు ఒంట్లోకి చేరతాయి. దాని కాపురం ఎక్కడో పేరులోనే చెప్పింది తెలుగు. లిండ్ బట్టలెందుకు విప్పించాడో మీ పాఠకుడికి ఆ ఒక్క మాటతో అర్థమవుతుంది.

ఇక మీ వాక్యం. తెలుగులో జ్వరం దాడి చేయదు. వస్తుంది, తగులుతుంది, కాస్తుంది, విడుస్తుంది. మనిషైతే జ్వరాన పడతాడు. ‘చేయబడ్డారు’ తీసేసి ఇలా రాయండి: ‘పాత బట్టలతో నలుగురు ఎక్కారు, నెల తిరక్కుండానే ఓడ ఓడంతా జ్వరాన పడింది.’