ఎస్‌టీపీ బురద మిద్దెతోటలో వేయొచ్చా?

అడిగింది: "మియాపూర్‌లో మా గేటెడ్ కమ్యూనిటీ ఎస్‌టీపీ (మురుగునీటి శుద్ధి ప్లాంటు) బురదను ఎండబెట్టి బస్తాల్లో ఊరికే ఇస్తున్నారు. కంపోస్ట్ చేశాం, భయం లేదంటున్నారు. ఆకుకూరలకు వేయొచ్చా?"

ఆకుకూరలకు వద్దు. క్రోటన్లకు, నందివర్ధనానికి వేసుకోండి.

కంపోస్ట్ చేస్తే చచ్చేది క్రిములే. అదీ కుప్పలో 55 డిగ్రీల వేడి 15 రోజులు నిలిచి, ఈలోగా కనీసం 5 సార్లు తిరగేస్తేనే. ఎండలో ఆరబెట్టి జల్లెడ పడితే కంపోస్ట్ అయిపోదు. ఇక కాడ్మియం, సీసం లాంటి విష లోహాలు మాగవు, ఇంకా చిక్కబడతాయి. కిలోకి 3 మిల్లీగ్రాముల కాడ్మియం ఉన్న 100 కిలోల ఎండు బురద మాగి 60 కిలోలైతే, అదే కాడ్మియం కిలోకి 5 మిల్లీగ్రాములవుతుంది. ఎరువుల నియంత్రణ ఉత్తర్వు కంపోస్ట్‌కి పెట్టిన గరిష్ఠ పరిమితి సరిగ్గా అంతే. సీసానికి 100, నికెల్‌కి 50, పాదరసానికి 0.15. నాన్‌స్టిక్ పూతల్లో వాడే పీఫాస్ రసాయనాలూ కంపోస్ట్‌లో విరగవు. అమెరికాలో మెయిన్ రాష్ట్రం 2022లో పొలాలకు బురద వేయడాన్నే నిషేధించింది.

పాలకూర, తోటకూర కాడ్మియాన్ని బాగా లాగేస్తాయి, టమాటా కాయలోకి చేరేది తక్కువ. మట్టి పీహెచ్ 6.5 కంటే దిగితే ఇంకా ఎక్కువ లాగుతాయి. మిద్దెతోట కుండీల్లో సగం కోకోపీటే కదా, అది ఆమ్లం వైపే మొగ్గుతుంది.

"ల్యాబ్ రిపోర్టు ఉంది" అంటారు. తెరిచి చూస్తే నత్రజని, భాస్వరం, పొటాష్, అంతే! మా బండికి పెట్రోల్ ఉంది కాబట్టి బ్రేకులు బాగున్నాయన్నట్టు. లోహాలు చూశామన్నా, డీటీపీఏ అనే ద్రావణంతో తీసే పద్ధతా అని అడగండి. అది మొక్కకు అందే వాటాను మాత్రమే చెప్తుంది, అంకె చిన్నగా కనిపిస్తుంది. పరిమితులు మొత్తం లోహానికి. ఆమ్లంలో పూర్తిగా కరిగించి, ఐసీపీ (లోహాలు కొలిచే యంత్రం) మీద, ఎండు బరువు లెక్కన ఇమ్మనండి. శాంపిల్ కుప్పలో పదిచోట్ల లోతు నుంచి ప్లాస్టిక్ గరిటెతో తీసి కలిపి, కిలో పంపండి. జీఐ (జింకు పూత ఇనుప) బకెట్‌లో కలిపితే జింకు దొంగ లెక్క వస్తుంది.

అపార్ట్‌మెంట్ బురదకి ఒక మేలుంది: ఫ్యాక్టరీ నీళ్లు కలవవు. ఊరి పెద్ద ప్లాంట్ల బురద అలా కాదు. పటాన్‌చెరు పరిశ్రమల శుద్ధి చేసిన వ్యర్థజలాలు అంబర్‌పేట ఎస్‌టీపీకి పైప్‌లైన్‌లో వెళ్లే ఏర్పాటుంది. 2007లో స్వీడన్ పరిశోధకులు పటాన్‌చెరు ప్లాంటు నుంచి బయటికొచ్చే నీటిలో లీటరుకి 31 మిల్లీగ్రాముల దాకా సిప్రోఫ్లాక్సాసిన్ అనే యాంటీబయోటిక్ చూశారు. ఆ మందు బురదకు గట్టిగా అంటుకుంటుంది. అందుకే నర్సరీల దగ్గర ట్రాక్టర్లలో అమ్మే నల్లటి "సేంద్రియ ఎరువు" ఏ ప్లాంటుదో చెప్పకపోతే కొనకండి.

మీ ప్లాంటు ఆపరేటర్‌ని ఇంకొకటి అడగండి: క్లబ్‌హౌస్ డ్రై క్లీనింగ్ దుకాణం, జనరేటర్ గది కడిగిన నీళ్లు కూడా ఎస్‌టీపీలోకే వెళ్తున్నాయా అని.